ఆరతి ఇవ్వని ఆట

శ్రీధర్‌రావు సారు తన అనువాద నాటకాన్ని తొంభై మూడులో మళ్లీ అచ్చు వేయించి, నాకూ ఒక ప్రతి పంపించాడు. ముందుమాటలో మా బొగ్గు బాయి కాలనీలో జరిగిన మొదటి ప్రదర్శన గురించి రాశాడు. ఎక్కడో చలిదేశంలో, వందల ఏళ్ల కిందట పుట్టిన మహాకవి మాట చదువురాని కార్మికుల గుండెల్ని తాకిందట. తెర పడ్డాక ఒక్కరు కూడా లేవలేదట. ఆ నిశ్శబ్దమే మహాకవికి తెలుగునేల అర్పించిన నివాళి అట!

చదువుతుంటే నాకు ఒళ్లు మండిపోయింది. జనం లేవని మాట నిజమే. ఎందుకు లేవలేదో మాత్రం సారుకు ఇవాళ్టికీ తెలియదు. ఎవరినైనా అడుగుదామన్న బుద్ధీ పుట్టలేదు. సిద్దిరాములు పేరు కూడా రాయలేదు మహానుభావుడు. "ఒక కార్మిక నటుడు" అని రాసి సరిపెట్టాడు. నేను ఆ బాయిలో గుమాస్తాను, ఆ నాటకం ఆడిన మేళంలో హార్మోనియం నాదే. అందుకని ఆ పేరేదో నేనే చెబుతాను.

సిద్దిరాములుది ఖానాపూర్ అవతల ఒక పల్లె. వానలు మొహం చాటేసిన ఏడాది ఊరొదిలి బాయి పనికి వచ్చాడు. బొగ్గు తీసిన చోట పైకప్పు కూలకుండా కర్ర దిమ్మెలు నిలబెట్టడం ఆయన పని. పొడుగాటి మనిషి, ఖంగుమనే గొంతు. వచ్చిన కొత్తలోనే మా బాగోతం మేళంలో చేరాడు. మేళానికి గురువు అంతయ్య. రాజు వేషం ఎప్పుడూ అంతయ్యదే. పళ్లూడి మాట తొస్సిపోతున్నా కిరీటం దిగనిచ్చేవాడు కాదు. సిద్దిరాములుకు ద్వారపాలకుడి వేషం, మహా అయితే రాక్షసుడి వేషం. ఏళ్ల తరబడి అంతే. పైకి ఏమీ అనేవాడు కాదు గానీ, రాజు పద్యాలన్నీ ఆయనకు నోటికొచ్చు.

శ్రీధర్‌రావు ధర్మపురి వైపు భూస్వాముల బిడ్డ, కరీంనగర్‌లో ఇంగ్లీషు లెక్చరర్. అరవై తొమ్మిదిలో తెలంగాణ ఉద్యమం వేడికి కాలేజీలు మూతపడితే, ఇంట్లో కూర్చుని ఆ నాటకాన్ని తెలుగు చేశాడు. హైదరాబాదులో చదివి వినిపిస్తే పెద్దలు ఆవులించారట. అలిగి, "ఇది శ్రమజీవుల కోసం రాశాను" అంటూ డెబ్బై మూడు చలికాలంలో మా కాలనీకి వచ్చాడు.

కథ ఇది. ఒక కోటకు కాపలా సేనాని. శత్రువు మీద పడుతుంటే తలుపులు మూయించేస్తాడు. సొంత తమ్ముడు బయటే ఉండిపోతాడు. తెల్లవారి తలుపు తీస్తే గడపలో తమ్ముడి శవం. దాని మీద పడి సేనాని కూడా ప్రాణం విడుస్తాడు. రెండు శవాలు అలా ఉండగానే తెర పడాలి.

సారు మంచివాడే, నన్ను అబద్ధమాడమంటే ఆడను. మేం పాటలు పెడతామంటే పెట్టుకోమన్నాడు. సేనానిని సుబేదారును చేస్తామంటే సరేనన్నాడు. చివరి ఘట్టం దగ్గర మాత్రం మొండికేశాడు. మా మేళంలో ఒక కట్టడి ఉంది. ఆటలో చచ్చిన వేషం ఆట అయ్యాక లేవాలి, అందరితో కలిసి నిలబడి ఆరతి కళ్లకద్దుకోవాలి. అప్పుడే ఆ చావు ఆటలోది. లేకపోతే మనిషిని పట్టుకుని ఇంటికొస్తుందని నమ్మకం.

"సచ్చినోన్ని గట్లనే పండవెట్టి తెర ఏసుడేంది సారూ? లేపి ఆరతి ఇయ్యాలె" అన్నాడు అంతయ్య.

"అంతయ్యా, మహాకవి రాసింది మార్చెతందుకు మనమెవరం? లేసి నిలబడితే దుఃఖమంతా నవ్వులాటయితది."

"అయితే గీ ఆటల నేను లేను" అని అంతయ్య దులుపుకుని పోయాడు.

సుబేదారు వేషం సిద్దిరాములుకు వచ్చింది. సారు ఆయన్ని కుర్చీలో కూర్చోబెట్టి, తనతో సమానంగా చాయ్ తాగించి, "నువ్వు పెద్ద నటునివి సిద్దిరాములూ" అన్నాడు. అప్పటిదాకా ఆ మాట అన్నవాడు లేడు. ఇంకేముంది, సారు గీసిన గీత దాటితే ఒట్టు. తమ్ముడి వేషం గట్టయ్యది. బొగ్గు నింపే మనిషి, సిద్దిరాములుకు ప్రాణస్నేహితుడు.

ఆట బాగా నడిచింది. సిద్దిరాములు ఏడిస్తే నాకు హార్మోనియం మీద వేళ్లు ఆడలేదు. తెర పడింది. తెర వెనక గట్టయ్య కళ్లు తెరవకుండానే అడిగాడు:

"అన్నా, లేద్దామా?"

"పండుకో. సార్ వద్దన్నడు."

బయట జనం కూర్చునే ఉన్నారు. ఆరతి వస్తుందని కూర్చున్నారయ్యా! పళ్లెంలో వేద్దామని ఆడవాళ్లు కొంగున చిల్లర కూడా కట్టుకుని వచ్చారు. ఎంతకీ ఏమీ రాకపోయేసరికి ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ బిక్కుబిక్కుమంటూ వెళ్లిపోయారు. సారేమో మూలన నిలబడి కళ్లు తుడుచుకుంటున్నాడు.

వారం తిరగకముందే బాయిలో కప్పు కూలి గట్టయ్య పోయాడు.

ఆ చోట దిమ్మెలు లేవు. ముందు రోజే సిద్దిరాములు పైవాళ్లకు చెప్పాడు, కర్ర రాలేదు, పని ఆపమని. ఆపలేదు. ఈ సంగతి నాకు ఆయనే చెప్పాడు. కానీ కాలనీలో దిమ్మెల ఊసెత్తినవాడు లేడు. ఆరతి ఇవ్వలేదు కాబట్టి పోయాడు, అంతే. చాయ్ హోటల్లో సిద్దిరాములు కూర్చుంటే బల్ల ఖాళీ అయ్యేది. బాయిలోకి దిగేటప్పుడు ఆయన పక్కన ఎవరూ నిలబడేవాళ్లు కాదు. పలకరించడానికి పోతే గట్టయ్య భార్య నాగవ్వ గడపలోనే ఆపేసింది.

"ఆటల సంపితివి, లేపకపోతివి. నిన్ను నమ్మి పండుకున్నడు నా పెనిమిటి."

ఆ మాటతో మనిషి సగమైపోయాడు. బాయి యాజమాన్యానికి ఇంతకంటే ఏం కావాలి? వాళ్లు చేయాల్సిన పని మా వాళ్లే చేసిపెట్టారు.

విచారణకు పైనుంచి అధికారి వచ్చాడు. కర్ర రాలేదని సాక్ష్యం చెప్పగలిగినవాడు సిద్దిరాములు ఒక్కడే. "ఉన్నదున్నట్టు చెప్పు, వాళ్ల సంగతి నేను చూస్త" అని యూనియన్ దేవదాస్ రోజూ ఆయన వెంట తిరిగాడు. విచారణ రోజు ఆ గదిలో నేనూ ఉన్నాను. తలుపు దగ్గర నాగవ్వ నిలబడి ఉంది.

"ఆ చోట దిమ్మెలు ఉన్నాయా, లేవా?" అని అధికారి అడిగాడు.

సిద్దిరాములు తలుపు వైపు చూశాడు.

"దిమ్మెల సంగతి నన్నడగకుండ్రి సారూ. గట్టయ్యను సంపింది నేను. లేద్దామా అని అడిగిండు, వద్దన్న. ఆరతి ఇయ్యనియ్యలే. తప్పు నాదే."

మేనేజరు నవ్వాపుకోలేక రుమాలు అడ్డం పెట్టుకున్నాడు. ఎవరి నిర్లక్ష్యమూ లేదని తేల్చి అధికారి జీపెక్కాడు. దేవదాస్ నేల మీద ఉమ్మేసి వెళ్లిపోయాడు. నేను మాత్రం బయట సిద్దిరాములు చొక్కా పట్టుకున్నాను.

"కర్ర రాలేదని నాతోటి చెప్పలేదా నువ్వు?"

"చెప్పిన. రాలే. గది నిజమే. గానీ నాగవ్వ ముంగట గా మాట ఎట్లనాలె? తప్పిచ్చుకుంటున్నడు అనుకోదా?"

నాగవ్వ వచ్చి ఆయన చెయ్యి పట్టుకుని బోరున ఏడ్చింది. "ఒప్పుకున్నవు అన్నా. ఇగ నీ మీద నాకు కోపం లేదు" అంది. కాలనీ కూడా మెత్తబడింది. హోటల్లో బల్ల నిండింది. దసరాకు అంతయ్య తన కిరీటం తీసి సిద్దిరాములు నెత్తిన పెట్టాడు. ఇన్నేళ్లు కోరుకున్న రాజు వేషం. ఎంత బాగా ఆడాడని! ఆట అవగానే నేనొక్కణ్ణే హార్మోనియం మూసుకుని ఇంటికొచ్చేశాను.

ఆ మరుసటి ఎండాకాలం, అదే చోట, దిమ్మెల్లేని కప్పు మళ్లీ కూలింది. ఇద్దరు పోయారు. ఇద్దరికీ చిన్న పిల్లలు. సిద్దిరాములును ఈసారి ఎవరూ ఒక్క మాట అనలేదు. ఆయనే శవాల దగ్గర నుంచి లేచి సరాసరి మేనేజరు గదిలోకి దూసుకుపోయాడు. ఆపబోతూ నేనూ వెనకాలే పోయాను.

"కర్ర లేదు సారూ! గప్పుడు గూడ లేదు. గప్పుడు నేను చెప్పకపోతి. ఇప్పుడు రాసుకోండ్రి!"

మేనేజరు కాగితాల మీంచి తల కూడా ఎత్తలేదు.

"నాటకం వల్లే పోయాడని అప్పుడు నువ్వే చెప్పావుగా. మరి ఈసారి నాటకం ఎవరు వేశారోయ్?"