రైయా నెత్తిన వేసుకున్న తప్పు

రైయాకి పూలంటే మొదట్నించీ పట్టేది కాదు. పెరడన్నాక బంగాళదుంపలు పండాలి, ఉల్లికాడలు రావాలి, అంతే. పేపరు మిల్లు క్యాంటీనులో ముప్పయ్యొక్క ఏళ్లు వంట చేసిన మనిషి. నోట్లోకి వెళ్లనిదాన్ని పెంచడం ఆవిడకి వింతగా ఉండేది. పూలపిచ్చంతా అక్క హిల్కది. భర్త పోయాక హిల్క దేశం దక్షిణపు కొస నుంచి, ఉత్తరాన చలి ఊరు కెమియార్విలో ఉన్న చెల్లెలింటికి వచ్చేస్తూ రెండు పెట్టెల బట్టలూ, తడిగుడ్డల్లో చుట్టిన పదకొండు డెల్ఫీనియం పూల దుబ్బులూ వెంట తెచ్చుకుంది.

"ఈ చలికి ఇవి బతకవక్కా," అంది రైయా.

"నేను బతకాలిగా. అవీ బతుకుతాయి," అంది హిల్క.

బతికాయి, పదహారేళ్లు. మంచు కరగడం ఆలస్యం, నేలలోంచి ముక్కులు బయటపెట్టేవి. జూలై చివరికల్లా మనిషెత్తు నీలం కంకులు. హిల్కకి ప్రతిదానికీ ఓ పద్ధతి ఉండేది. బావినీళ్లు మరీ చల్లన అని పీపాలో పట్టి, ఎండకి చలి విరిగాకే పోసేది. అదీ పొద్దున్నే, ఆకు తడవకుండా మొదట్లో. అక్టోబరులో నేల గడ్డకట్టే ముందు ఒక్కసారి కడుపునిండా తాగించి, పైన దేవదారు రెమ్మలు కప్పి, మళ్లీ మే నెల దాకా వాటి జోలికి పోయేది కాదు.

హిల్కకి డెబ్బై ఒకటో ఏడు నడుస్తున్న వేసవిలో రైయా గమనించింది. అక్క నీళ్లు పోసి వచ్చి, కాఫీ తాగి, మళ్లీ డబ్బా పట్టుకుని బయల్దేరుతోంది. ఇందాకే పోశావుగా అంటే, "పూల సంగతి నువ్వు నాకు చెప్పాలా, దుంపలదానా" అని విసుక్కునేది. కావాలని ఉడికిస్తోందనుకుంది రైయా. ఆగస్టుకల్లా అది రోజుకి అయిదుసార్లయింది. మడి పక్కన అడుగేస్తే చెప్పు దిగబడిపోయేది. ఆరోగ్యకేంద్రంలో డాక్టరు పరీక్షలన్నీ చేయించి, ఇది మతిమరుపు జబ్బు, ముదరడమే గాని తగ్గడం ఉండదని చెప్పేశాడు.

అక్టోబరులో నేల బిగుసుకుంటున్నా హిల్క పోయడం మానలేదు. రైయా డబ్బా దాచేసింది. మర్నాడు పొద్దున్న చూస్తే వంటింట్లో చేపల సూపు గిన్నె లేదు. కిటికీలోంచి పెరటి అవతలి సరస్సు వైపు చూసింది. చెక్కరేవు చివర, మంచు పేరి జారుతున్న పలకల మీద, హిల్క మోకాళ్ల మీద వంగి ఆ గిన్నె ముంచుతోంది.

రైయా చెప్పులైనా వేసుకోకుండా పరిగెత్తింది. అరిస్తే ఉలిక్కిపడి నీళ్లలో పడుతుందని నోరు మూసుకుని వెళ్లి, వెనక నుంచి నడుం పట్టుకుని లాగింది. ఇద్దరూ పలకల మీద కూలబడ్డారు.

"పిల్లలకి దాహమేస్తోందే," అంది హిల్క వణికిపోతూ.

ఇంటికి రాగానే డబ్బా తీసి ఇచ్చేసింది రైయా. నవంబరుకి మడంతా గాజుపలకలా గడ్డకట్టుకుపోయింది.

మే నెలలో పదకొండింటిలో ఒక్కటీ చిగురు వెయ్యలేదు. రైయా మట్టి తీసి నొక్కిచూస్తే మొదళ్లు నానిన రొట్టెలా చిదిమిపోయాయి. హిల్క వెనకే నిలబడి ఉంది.

"ఎవరు చంపారు వీటిని?"

రైయా ఉన్నమాట చెప్పింది: నీళ్లు ఎక్కువైపోయాయి, పోసింది నువ్వేనని. హిల్క అక్కడే చతికిలబడి చిన్నపిల్లలా ఏడ్చింది. సాయంత్రానికి మరిచిపోయింది. మర్నాడు మళ్లీ మడి దగ్గరికి వెళ్లింది, మళ్లీ అడిగింది, మళ్లీ అప్పుడే విన్నట్టు అంతగానూ ఏడ్చింది.

మూడో రోజు అడిగినప్పుడు రైయా మాట మార్చింది. "నేనేనక్కా. చూసుకోమని నాకప్పగించి వెళ్లావు. నీళ్లు పోయడం మర్చిపోయాను. ఎండిపోయాయి."

హిల్క ఏడవలేదు. నిటారుగా నిలబడి, బుద్ధిలేక నీ చేతిలో పెట్టానని తిట్టి, లోపలికి పోయి రెండు ముక్కలు రై రొట్టె తిన్నది. ఆ రోజు నుంచి అడిగినప్పుడల్లా రైయా అదే చెప్పింది.

ఉత్త మట్టికే నీళ్లు పోస్తూండేది హిల్క. పక్కింటి ఉర్పో, ఒకప్పుడు కాలవలు తవ్వే పని చేసినవాడు, కంచె మీద మోచేతులానించి, "మీ అక్క భలే చిత్తడి తయారుచేసిందమ్మా. ఇక కప్పలు పెంచుకోండి," అన్నాడు. వెక్కిరింతకే అన్నాడు. కానీ రైయా ఆ మాట పట్టుకుంది. ఉర్పో పొలం కాలవలో ఏటా నీళ్లలోనే నిలబడి పూసే పసుపుపచ్చ పూలమొక్కలు ఉన్నాయి. ఆ ఆదివారం అతని చేతే పార పట్టించి తొమ్మిది దుబ్బులు తవ్వించుకుంది. నర్సరీలో అడిగి, తడికి ఓర్చుకునే ఐరిస్ పూలమొక్కలు తెచ్చి తన చేత్తో నాటింది. హిల్క పొద్దస్తమానం పోసినా వాటికేం కాలేదు, పైగా బలిశాయి. అలా రెండు వేసవులు గడిచాయి.

మూడో ఏడు జూన్‌లో ఒక పొద్దున్న రైయా డబ్బా అందిస్తే హిల్క అదెందుకో తెలియనట్టు అటూ ఇటూ తిప్పిచూసి, మర్యాదగా తిరిగి ఇచ్చేసింది. ఆ జూలైలో వాన జాడే లేదు. నీళ్లకి అలవాటుపడ్డ మొక్కలు మధ్యాహ్నానికే తలలు వాల్చేసేవి. రైయా అరిగిన మోకాళ్లతో రోజుకి ఇరవై డబ్బాలు మోసింది. ఇంకెవరి కోసమని, ఎండనివ్వమన్నాడు ఉర్పో.

"నాటింది నేను కదయ్యా," అంది రైయా.

సెప్టెంబరులో హిల్కని వృద్ధుల ఆశ్రమంలో చేర్చారు. రైయా ప్రతి శనివారం బస్సులో వెళ్లేది. భర్త పేరు పోయింది, చెల్లెలి పేరు పోయింది, కొన్నాళ్లకి కాఫీని ఏమంటారో కూడా పోయింది. ఒక శనివారం, కొత్తగా చేరిన నర్సుకి రైయాని వేలు పెట్టి చూపించింది హిల్క.

"ఈవిణ్ని నమ్మకండి. నా పూలన్నీ ఎండబెట్టి చంపింది."

నర్సు రైయా వైపు చూసింది.

"నిజమేనమ్మా," అంది రైయా. "మర్చిపోయాను."

అన్ని మాటలు తుడిచిపెట్టుకుపోయిన ఆ తలలో తను చెప్పిన అబద్ధమొక్కటీ ఎలా నిలిచిందో అనుకుంది రైయా. ఇప్పుడు నిజం చెప్పినా అది అందుకునే స్థితిలో అక్క లేదు. సంచిలోంచి దువ్వెన తీసి, కుర్చీ వెనక్కి వెళ్లి, అక్క జుట్టు దువ్వడం మొదలుపెట్టింది. హిల్క కదలకుండా దువ్వించుకుంది గాని, ఎదురుగా ఉన్న అద్దంలోంచి ఆవిణ్ని అనుమానంగా చూస్తూనే ఉంది. బస్సు వేళయ్యేదాకా రైయా దువ్వుతూనే ఉంది.