నా నడక నడిచినవాడు

ముఖాలు కాదు, మనుషుల నడకలు చూసే నటుడొకడు నాకు గుర్తు. మొఘల్‌పురాలోని మా పాత దేవిడీ బంగళాలో కేబుల్ టీవీవాళ్లు హాస్య సీరియల్ తీశారు. దొర వేషానికి ఇద్దరు పోటీపడ్డారు. ఒకడు మెట్ల మీది నుంచి దొర్లి అందరినీ నవ్వించాడు. నేను చెప్పే ఈ నటుడు మెడ నిక్కించి, చేతులు వెనక్కి కట్టుకుని, అచ్చం నాలా దిగాడు.

ఎవరూ నవ్వలేదు. ఇంటి యజమానినైన నేను కోపంతో గేటు చూపిస్తే వేషమే కాదు, షూటింగే పోతుంది.

"అయిపోయినవ్ పో భాయ్!" అన్నాడు పోటీదారు.

"ఏంది, నేను గట్లనే నడుస్తనా?" అని అడిగాను.

"తప్పయిందా దొరా?" అన్నాడతను, మెడ దించకుండా.

"తప్పే. గడ్డం ఇంకా పైకుండాలె. మా ఇంట్ల ఎవ్వరూ మెట్లు చూసుకుంట దిగరు."

వేషం అతనికే దక్కింది. ఇప్పుడు గల్లీలో నన్ను చూసినవాళ్లు, ఆ సీరియల్ దొరలా నడుస్తున్నానంటారు.