ఉన్నది ఉన్నట్టే

పుంగనూరులో మా వీధి పెద్దమనిషిని తలుచుకుంటే ఇప్పటికీ నోరు చేదవుతుంది. మున్సిపాలిటీ ఆమోదించిన ప్లానులో సందు వదిలినట్టు చూపించి, ఆ సందుకే అడ్డంగా నడుమెత్తు గోడ కట్టాడు. వెనకింటి టైలరమ్మకు వేరే దారి లేదు. స్టూలు వేసుకుని గోడ దాటేది. ఆమె కోర్టుకెక్కితే, తీర్పు వచ్చేదాకా ఉన్నది ఉన్నట్టే ఉంచమని ఉత్తర్వు వచ్చింది. అప్పటికే గోడ లేచిపోయింది. ఆమె తెచ్చుకున్న ఉత్తర్వు ఆయనకే పనికొచ్చింది.

"నాలుగు ఇటికలన్నా తియ్యన్నా, కాళ్లు పడిపోతాండాయి" అని ఆమె బతిమాలితే, రెండు చేతులూ నొసటికెత్తి మొక్కేవాడు.

"కోర్టు మాటమ్మా. ఎట్లుండాదో అట్లే ఉండాల. నేను తాకితే తప్పు గదా!"

"కట్టేటప్పుడు యా కోర్టును అడిగినావప్పా?" అన్నాను. నాకూ ఒక దండం పెట్టాడు.

వాయిదాలు నడుస్తుండగానే ఆమె పోయింది. పాడె గోడ దగ్గర ఆగింది.

"ఈ పొద్దన్నా తియ్యప్పా!" అని అందరూ అరిచారు. మళ్లీ చేతులు నొసటికి పోయాయి.

చివరికి పాడెను గోడ మీదుగా ఎత్తాం. అవతల నిలబడి, అందరికంటే ముందు చేతులు చాచి అందుకున్నది ఆయనే.