చోటు ఉంచినంత కాలం

ఆ ఊళ్ళో మనిషి ఉన్నట్టా లేనట్టా అన్నది ఊపిరిని బట్టి కాదు, చోటును బట్టి తేలేది. ఇంట్లోవాళ్ళు చోటు ఉంచినంత కాలం మనిషి ఉన్నట్టు, చోటు తీసేస్తే లేనట్టు. కొండ మీది చోటు మఠం మూడు తరాలుగా చెబుతున్నది ఇదే. వినడానికి కమ్మగానే ఉంటుంది. అయితే ఊరి ద్వారం దగ్గర కావలివాళ్ళ చేతిలోని పేర్ల పట్టీ కూడా మఠం రాసిందే. లేనట్టని తేలిన మనిషి ఎంత దూరం నుంచి నడిచొచ్చినా లోపలికి రానివ్వరు. లేని మనిషికి తలుపెవరు తీస్తారు?

కాదయ్య కొలువు ఆ మఠంలోనే. అసలు పేరు అందరూ మరిచిపోయారు, ఇది వీధి పెట్టిన పేరు. ఎవరు ఏ విన్నపం తెచ్చినా ఎదురు పీట మీద కూర్చుని కాదనడం అతని పని. గట్టి ఎదురుదెబ్బకు నిలిచిన మాటే నిజమని మఠం నమ్మకం. ఎదురువాడు మెత్తబడినా, తెలిసింది దాచినా విన్నపం కొట్టేస్తారు, మళ్ళీ వినరు. మఠం ఊడుస్తూ తలుపు చాటున విన్నదే కాదయ్య చదువు. జనం తిట్లు తినే పీట మీద పండితులు కూర్చోరు కదా, దానికి ఇలాంటివాడే కావాలి.

అతని కూతురు పదహారో ఏట తల్లితో మాటామాటా అనుకుని ఉప్పు పడవలెక్కి పోయింది. ఏడేళ్ళు నిండాయి, మఠం పెట్టిన గడువు అదే. ఇప్పుడు తల్లి మఠానికి వచ్చి, చోటు ఉంచామని రుజువు చూపాలి. ఆ రోజుకి వేరే ఎవరినైనా కూర్చోబెట్టమని కాదయ్య గురువు కాళ్ళు పట్టుకున్నాడు.

"కన్నవాడే ఎదురు నిలిస్తే అంతకన్నా గట్టి నిజం ఏముంటుందిరా," అన్నాడు గురువు.

ఆ రోజు పొద్దున భార్య తల దువ్వుకుంటూ, "పాతికేళ్ళుగా ఇంట్లో అడ్డం తిరుగుతూనే ఉన్నావు. ఇవాళ ఊరు చూస్తుంది, అంతే తేడా," అంది.

అంతలో మఠం గంట మోగింది. గంట కొట్టాక, మఠంలో పీట ఎక్కేదాకా, ఆ సంగతి మీద ఎదురువాడు పెదవి విప్పకూడదు.

"అమ్మయ్య, నీ నోరు కట్టేశారు. ఇప్పుడు విను. అటక మీద దాని చెప్పులు గుడ్డలో కట్టి పెట్టాను చూడు, ఆ మూట తీసుకెళ్తున్నా. ముడి గురువుగారి ముందే విప్పుతా. నేను వేసిన ముడి అలాగే ఉండటం కూడా రుజువేగా."

కాదయ్య అటక వైపు చూశాడు. కిందటి వానల్లో పక్కింటి కుట్టుపని ఆమె కూతురు కాళ్ళు పగిలి నెత్తురు కారుతూ నడుస్తుంటే చూడలేక ఆ చెప్పులు ఇచ్చేశాడు. మూట తేలికయితే భార్య గుండె ఆగుతుందని రెండు చెక్కలు పెట్టి మళ్ళీ ముడి వేశాడు. కొత్తవి కొని పెడదామనుకున్నాడు. అనుకోవడంతోనే ఏడాది గడిచింది.

మఠంలో అతను ఎన్నడూ లేనంత గట్టిగా ఎదురు వాదించాడు. ఆమె మాటలతోనే నెగ్గితే గురువు చాలనేస్తాడు, మూట విప్పే పని ఉండదు.

"ఆ పిల్ల మంచం మీద ఇప్పుడు బట్టల మూటలున్నాయి. చోటు ఉంచినట్టా అది?"

"పొద్దున పెడతాం, సాయంత్రం తీస్తాం. తీసేవాడివి నువ్వేగా, నడుం నొప్పని మూలుగుతూ."

జనం నవ్వారు.

"కోపంతో పోయింది. రమ్మని ఒక్క కబురైనా పంపావా?"

"ఉప్పు పడవలు వచ్చిన ప్రతిసారీ పంపాను. కబురు పట్టుకెళ్ళిన సరంగులు అదిగో, ఆ గోడ వారన నుంచున్నారు. అడుగు."

కాదయ్య లోలోపల పొంగిపోయాడు. గురువు కూడా తలాడించి, "చాలమ్మా," అన్నాడు.

ఆమె ఊరుకుంటే బాగుండేది. గెలిచిన ముఖంతో, "ఒక్కటుంది గురువుగారూ, చూడండి," అని ముడి విప్పింది.

చెక్కలు నేల మీద దొర్లాయి. ఆమె గుడ్డ తిరగేసి దులిపింది. మళ్ళీ దులిపింది. గురువు ఎదురు పీట వైపు చూశాడు.

చెబితే చోటు తీసినట్టు. దాస్తే విన్నపం పోయినట్టు.

"చెప్పులు పక్కింటి పిల్లకిచ్చారు," అన్నాడు కాదయ్య.

"ఎవరు?" అన్నాడు గురువు.

"నేనే. జాలిపడి ఇచ్చాను గురువుగారూ, వదులుకుని కాదు."

"ఆ పీట మీద కూర్చుని కాదనడమే నీ పని. బతిమాలుకోవడానికి లేదు," అని గురువు పట్టీలో పిల్ల పేరు మీద గీత గీశాడు.

భార్య ఇంటికొచ్చి మంచం మీది బట్టల మూటలు తీసి కింద పెట్టింది. ఇంకా సాయంత్రం కాలేదు.

కాసేపటికి కుట్టుపని ఆమె గుమ్మంలోకి వచ్చింది. కొండ మీది కబురు ఇంకా ఆమె చెవిన పడలేదు. చేతిలో చెప్పులు, అడుగున కొత్త కుట్లు.

"మా పిల్ల కాళ్ళకి చాలట్లేదక్కా. బావగారు అడక్కుండానే ఇచ్చారు, ఉంచేసుకుంటే బాగుండదు కదా."

భార్య అందుకుంది. మూటలో కట్టలేదు. గుమ్మం లోపల, ఇప్పుడే ఎవరో విడిచి లోపలికి వెళ్ళినట్టు, గోడవారగా పెట్టింది.

కాదయ్య నోరు తెరిచాడు.

"నువ్వు మాట్లాడకు," అందామె.