గుర్రానికి మర్యాద నేర్పిన ఏడాది

మా గుర్రం మొదటిసారి నా భుజం కొరికినప్పుడు, నా భర్త దాని మూతి మీద పిడికిలితో గుద్దాడు. కౌల్ బజార్‌లో మాది పెళ్ళి ఊరేగింపులకు గుర్రం తిప్పే ఇల్లు. కొరికే గుర్రం మీద పెళ్ళికొడుకును ఎవరెక్కిస్తారు? అందుకే అది కొరికినప్పుడల్లా ఆయన గుద్దేవాడు. అది కొరకడం మానలేదు. దెబ్బ పడేలోపు తల వెనక్కి లాక్కోవడం మాత్రం నేర్చుకుంది.

కురుగోడులో ఒక పెళ్ళిలో అది పెళ్ళికొడుకు మేనమామ చెయ్యి కొరికి పట్టుకుంది. ఊరేగింపు మధ్యలోనే మమ్మల్ని తరిమేశారు. ఇంటికి రాగానే ఆయన దాని తలను ఇనుప స్తంభానికి కట్టేసి, నీళ్ళ పైపు ముక్క అందుకున్నాడు.

"ఈ పొద్దు దీనికి మర్యాద నేర్పిస్తా."

మూడో దెబ్బకు దాని ముక్కులోంచి నెత్తురు చిమ్మి గోడ మీద పడింది. "సచ్చిపోతాదప్పా, ఇడువు!" అంటూ అడ్డం వెళ్ళాను. నాలుగో దెబ్బ నా కుడి మణికట్టు మీద పడింది. ఎముక విరిగిన చప్పుడు నాకే వినిపించింది. ఆయన బిత్తరపోయి నావైపు ఒక అడుగు వేశాడు. అంతే, గుర్రం ఆయన జబ్బ పట్టుకుని విదిలించింది. కండ ఊడి వేలాడింది.

ఇద్దరం కట్లతో ఆస్పత్రి నుంచి వచ్చాం. తర్వాతి వారం నాడాలు కొట్టే ముసలాయన వచ్చేసరికి, నేను ఎడమచేత్తో గుర్రానికి బెల్లంముక్క తినిపిస్తున్నాను.

"బేటీ, దీనికి కరిచేది నేర్పిస్తాండేది నువ్వే," అన్నాడాయన. "చేతిలో తిండి ఉంటాదని నువ్వు చూపిస్తావు. అది నోరు పెడితే మీ ఆయప్ప కొడ్తాడు. అది ఏమని తెలుసుకోవాల?"

రోజూ ముద్దుచేసి నోటికి అందించింది నేనే.

ఆనాటి నుంచి తిండి బకెట్‌లోనే. అది మూతి చాపితే, ముసలాయన చెప్పినట్టు మోచెయ్యి అడ్డం పెట్టేదాన్ని. దానంతటదే తగిలి ఆగేది. మీదికొస్తే రెండడుగులు వెనక్కి నడిపించేదాన్ని. బుద్ధిగా నిలబడితే మెడ రుద్దేదాన్ని. ఒకసారి ఓపిక చచ్చి నేనూ చెంప మీద కొట్టాను. పది రోజులు నన్ను దగ్గరికి రానివ్వలేదు.

జబ్బ కుట్లు విప్పాక నా భర్త దాని దగ్గరికి వచ్చాడు. ఈగను తోలుకోవడానికి చెయ్యెత్తాడు. గుర్రం తాడు తెంపుకుని వెనక్కి ఎగిరిపడింది.

"నేనేం చెయ్యలేదే," అన్నాడు, చెయ్యి దించకుండానే.

"నాకు తెల్సప్పా. దానికి తెల్దు."

ఏడాది తిరిగింది. ఇప్పుడు మళ్ళీ ఊరేగింపులకు పోతున్నాం. కుడి మణికట్టు సరిగా తిరగదు, పగ్గం ఎడమచేత్తో పడతాను. ఆయన బ్యాండు ముందు జనాన్ని జరుపుతూ నడుస్తాడు. గుర్రం ఎవరినీ కొరకదు. ఆయన వెనక్కి తిరిగి చూసినప్పుడు మాత్రం చెవులు మెడకు అదుముకుంటుంది.