అధికారి వేషంలో అందుకున్న అర్జీ

సభలు పెట్టకూడదంది ప్రభుత్వం. ఊరేగింపులు తియ్యకూడదంది. నలుగురు చేరి గట్టిగా మాట్లాడితే కేసే. నవ్వకూడదని మాత్రం ఎక్కడా రాయలేదు కదా అని మేం ఐదుగురం గాజువాక బస్టాపు పక్కన వీధినాటకం మొదలుపెట్టాం. ఫ్యాక్టరీల కోసం భూములు పోగొట్టుకున్న ఊళ్ల కథ. అధికారి వేషం నాది. మా చర్చిలో క్రిస్మస్ నాటకానికి ఏటా దుష్టరాజుని నేనే. ఆ మీసమే అతికించుకుని కుర్చీలో కాలు మీద కాలేసుకుని కూర్చున్నాను.

నా పని తేలిక. మావాళ్లు వరసగా వచ్చి అర్జీలు ఇస్తారు. నేను చదవకుండా వాటితో బూట్లు తుడుచుకుంటాను. జనం పడీపడీ నవ్వుతుంటే నాకు హుషారెక్కింది. వరస చివర ఒక ముసలమ్మ కనిపిస్తే, మావాళ్లే ఎవరినో కొత్తగా కలిపారనుకున్నాను. ఆమె కాగితం అందుకుని ఎడమ బూటు బాగా రుద్దాను. అన్నిటికన్నా దానికే ఎక్కువ చప్పట్లు పడ్డాయి.

కింద పడెయ్యబోతూ చూశాను. అడుగున నీలం వేలిముద్ర. పోయిన ఎకరానికి బదులు ఇస్తామన్న ఇంటి స్థలం ఇప్పించమని రాయించుకున్న నిజం అర్జీ. చెప్పాల్సిన డైలాగు ఒక్కటీ గుర్తు రాలేదు. ఇది నాటకమమ్మా అని ఎలాగో గొణిగాను.

"నాకు తెల్దేటమ్మా? నీ మీసం ఊడిపోతంది, సూసుకో," అంది నెమ్మదిగా. "ఆపీసులో గుమ్మం కాడే గెంటేత్తన్నారు. నువ్వు సేతిలోకైనా తీసుకుంటన్నావని ఇచ్చినాను."

ఇంతలో పోలీసులు వచ్చి మమ్మల్ని జీపెక్కించారు. స్టేషన్లో కుర్చీ, మీసం, కాగితాలు స్వాధీనం చేసుకున్నట్టు రాసుకున్నారు. ఆ ఒక్క అర్జీ నాటకానిది కాదు, ఆమెది ఆమెకి ఇచ్చెయ్యండని బతిమాలాను. నాటకంలో వాడావా లేదా అని అడిగాడు రాసుకుంటున్న ఆయన. వాడాను. జనమంతా చూశారు. నా బూటు మరక పక్కనే స్టేషన్ ముద్ర గుద్ది, ఆ కాగితాన్ని మా కేసు కట్టలో పెట్టేశాడు.

వదిలిపెట్టాక బయటికొస్తే, ఆ ముసలమ్మ షేర్ ఆటోలో మా వెనకే వచ్చి గేటు దగ్గర కూర్చునుంది. తిట్టినా బాగుండేది. ఆమె ఒక్కటే అడిగింది.

"ముద్రేసి తీసుకున్నారా అమ్మా?"

వేశారన్నాను. అది పోలీసు ముద్రని మాత్రం చెప్పలేదు. మీసం స్టేషన్లోనే ఉండిపోయింది. అయినా ఆమె లేచి, అధికారికి పెట్టినట్టే, నాకు రెండు చేతులెత్తి దండం పెట్టింది.