తెల్లగా అచ్చయిన తండాలు

బొట్టుబిళ్లల పటం కథ మా శాఖలో అందరికీ తెలుసు. కొత్తగా చేరినవాళ్లకు చాయ్ తాగుతూ చెబుతుంటారు. కంప్యూటర్ మొరాయించిందట, మీటింగుకు గంట టైమే ఉందట, మేడం ఏమాత్రం తొణకకుండా ఆశా కార్యకర్తల బ్యాగుల్లోంచి బొట్టుబిళ్లలు తీయించి పటం మీద అతికించిందట, పెద్దాఫీసరు చూసి శెభాష్ అన్నారట. వినడానికి బాగుంటుంది. అందులో నిజం బొట్టుబిళ్లలు, ఆ గంట టైము, అంతే. కంప్యూటర్ మొరాయించలేదు, చెప్పిన పని చెప్పినట్టే చేసింది. ఆ మేడం నేనే. తొణకకపోవడం మాట అటుంచి, ఒక దశలో బాత్రూములోకి పోయి తలుపు వేసుకున్నాను. శెభాష్ అని ఎవరూ అనలేదు. అసలు ఆ బిళ్లలు అతికించాల్సిన అవసరం ఎందుకొచ్చిందో మాత్రం ఒక్కరూ చెప్పరు. చెబితే మేడం చేసిన తప్పు చెప్పాల్సి వస్తుంది. ఆ మర్యాద నాకు అక్కర్లేదు.

అది 2023 జూన్. నేను గణాంక అధికారిని. జనగామలో ఉద్యోగం మొదలుపెట్టి, మహబూబాబాద్‌లో చేసి, ఇప్పుడు చెల్పూరు కరెంటు ప్లాంటు పొగగొట్టాలు కనిపించే దారిన రోజూ బస్సులో భూపాలపల్లి చేరుతున్నాను. ఈ మూడింటిలో ఇది ఎక్కడ జరిగిందో చెప్పను. తప్పు నాది, ఊరి పేరు దానికి ఆసరా కానక్కర్లేదు.

మా పని లెక్కలు సేకరించడమే అనుకుంటారు. అది సగం. మిగతా సగం ఆ లెక్కలను పటాలుగా గీసి, ఏటా ఒక పుస్తకంగా తేవడం. అందులో ఎక్కువ పటాలు ‘కోరోప్లెత్’ రకం. అంటే ఒక్కో ఊరి హద్దు లోపల, ఆ ఊరి అంకెను బట్టి రంగు నింపుతాం. అంకె పెద్దదైతే ముదురు, చిన్నదైతే లేత, సున్నా అయితే తెలుపు. ఏ రంగుకు ఏ అర్థమో చెప్పే చిన్న డబ్బాను ‘లెజెండ్’ అంటాం. వందల వరుసల పట్టికను ఏ అధికారీ చదవడు. పటాన్ని ఒక్క చూపు చూసి సంతకం పెడతాడు. కాబట్టి పటం గీసేవాళ్ల చేతిలో ఉన్న అధికారం చిన్నది కాదు. దాని గురించి ఎవరూ మాకు చెప్పరు, మేమూ ఎవరికీ చెప్పం.

ఈ విద్య నాకు పుస్తకాలు నేర్పినదే. హన్మకొండలో ఎమ్మెస్సీ చదివేటప్పుడు పాతపుస్తకాల దుకాణంలో అట్ట ఊడిన ఇంగ్లిషు పుస్తకం ఒకటి దొరికింది, మొత్తం గణాంక పటాల మీదే. రంగులు ఎట్లా ఎంచాలి, అంకెలను ఎన్ని తరగతులుగా విడగొట్టాలి, సమాచారం లేని చోటును సున్నా ఉన్న చోటు రంగుతో ఎందుకు నింపకూడదు, అన్నీ ఉన్నాయి. ఆ చివరి మాట కింద నేను పెన్సిలుతో రెండు గీతలు కూడా గీశాను. గీతలు గీసినంత మాత్రాన బుద్ధి రాదు.

ఆ జూన్‌లో, గర్భిణులను దవాఖానకు చేర్చే బండి జిల్లాకు ఒకటి అదనంగా వచ్చింది. ఒక్కటే. వానలు ముదరకముందే దాన్ని ఎక్కడ నిలపాలో తేల్చాలి. బుధవారం పదకొండు గంటలకు మీటింగు. సమయానికి దవాఖానకు చేరలేక ఇంట్లోనో దారిలోనో జరిగిన కాన్పులు జనాభాను బట్టి ఏ ఊళ్లలో ఎక్కువో పటం గీయమని నాకు చెప్పారు. గీశాను. ఒక మూల మండలంలో హైవే పక్క ఊరొకటి ముదురు ఎర్రగా వచ్చింది. బండి అక్కడికేనని మా ఆఫీసు సార్‌కు మంగళవారమే అర్థమైంది. ఆయన ఆ మాట ఇంకెవరెవరికి చెప్పాడో నాకు తెలియదు, తెలియదనే అందాం.

బుధవారం పదిగంటలకు మీటింగు హాలు బయట గోడకు పటం అంటిస్తున్నాను. కింది అంతస్తులో ఆశా కార్యకర్తల నెలవారీ సమావేశం. వాళ్లలో ఒకామె మెట్లెక్కి వచ్చి నా వెనుక నిలబడింది. పేరు బుజ్జి, లంబాడా తండా మనిషి, నలభై దాటి ఉంటాయి.

“గిదేం పటం మేడం?”

“కాన్పులు ఏ ఊర్ల దారిల అయితున్నయో చూపెడ్తది.”

“మా తండ ఏడున్నది?”

నేను చెప్పేలోగా తనే వెతుక్కుంది. నీలిగీతగా ఉన్న వాగు మీద వేలు పెట్టి, దాని వంపులెంట జరుపుకుంటూ పోయి, ఒకచోట ఆపింది.

“గిది తెల్లగున్నదేంది?”

“తెలుపంటే అసొంటి కాన్పు ఒక్కటి గూడ కాలేదన్నట్టు.”

ఆమె నా ముఖంలోకి చూసింది. “ఒక్కటి గూడనా? పోయినేడు నలుగురు మేడం. ఒకామె వాగు ఒడ్డుకు ట్రాక్టర్ల కన్నది. నేనే బొడ్డు కోసిన. పిల్ల దక్కలే.”

నా నోరు ఊరుకుంటుందా? “మరి రాసియ్యకపోతే మాకెట్ల తెలుస్తది? పటం అయినంక వచ్చి అడుగుతరు అందరు.”

“రాసిచ్చిన. మా నర్సు ఏఎన్నమ్మతోని సంతకం గూడ తీసుకున్న, మీ అసొంటోళ్లు గిట్లనే అంటరని.”

బ్యాగులోంచి కాగితం తీసి చూపించింది. సంతకం, తేదీ, నలుగురి పేర్లు.

నేను గదిలోకి వచ్చి పట్టిక తెరిచాను. తండా పేరు ఉంది. ఎదురుగా నాలుగు అని ఉంది. ఆమె రాసింది, పైవాళ్లు పంపారు, నా దగ్గరికి చేరింది. నా దగ్గరే మాయమైంది.

ఎట్లాగంటే, ఊళ్ల హద్దులు ఉండే ఫైలును ‘షేప్‌ఫైల్’ అంటారు. అంకెల పట్టికను ఆ హద్దులకు అతికించడాన్ని ‘జాయిన్’ అంటారు. మా దగ్గరున్న హద్దుల ఫైలు పాతది. ఆ తర్వాత తండాలు విడి పంచాయతీలయ్యాయి. వాటికి సర్పంచులొచ్చారు, బోర్డులొచ్చాయి, పట్టికలో విడి వరుసలొచ్చాయి. ఫైలులో హద్దులు మాత్రం రాలేదు. వరుస ఉండి హద్దు లేకపోతే జాయిన్‌లో ఆ వరుస రాలిపోతుంది. బుజ్జి వాళ్ల తండా, ఫైలులో ఇంకా రోడ్డు పక్కన ఉన్న పాత ఊరి కడుపులోనే ఉంది. ఆ ఊరికి బస్సుంది, ఆటోలున్నాయి, దారిలో కాన్పుల్లేవు. న్యాయంగా వాళ్లది సున్నా. వాళ్ల తెలుపే వాగు దాటి తండా మీద కూడా పరుచుకుంది.

కొన్ని వరుసలు అతకలేదని సాఫ్ట్‌వేర్ నాకు చెప్పింది కూడా. కింది మూలన పసుపుపచ్చ పట్టీ వచ్చింది. ‘తర్వాత చూద్దాం’ అనుకుని నొక్కి మూసేసింది నేనే. పటంలో ఒక ఖాళీ కనిపించినా పట్టుకునేదాన్నేమో. ఖాళీ లేదు. అంతా నిండుగా, అందంగా ఉంది.

రాలిపోయిన వరుసలన్నీ తీసి చూశాను. ఒక్కటి తప్ప అన్నీ తండాలే. బాత్రూములోకి పోయింది అప్పుడే.

బయటికి వచ్చేసరికి పదీ పది. సార్ దగ్గరికి పోయాను. ఆయన చెడ్డవాడు కాదు, గొడవంటే పడదు. విన్నాడు, కళ్లజోడు తీశాడు.

“మేడం, ఇప్పుడు హద్దులు గీసుడు అయితదా?”

“కాదు సార్. సర్వేనే కాలేదు.”

“మరింకేంది? ఇది గిట్లనే పెడ్దం. వచ్చే పుస్తకంల సరిచేద్దం.”

నా వెంటే వచ్చిన బుజ్జి గుమ్మంలోంచే అందుకుంది. “వచ్చే పుస్తకం ఎప్పుడస్తది సార్? నా బిడ్డ కాన్పుకొచ్చింది. ఎనిమిదో నెల. ఉన్న బండి వాగుకు ఈ దిక్కున రోడ్డు మీద ఉంటది. వాగొస్తే అది మా కాడికి రాదు. బండి మా దిక్కే ఉంటే గుట్ట ఎన్క చుట్టుదారి పట్టుకోని ఇంకో దవాఖానకన్న పోతం.”

“ఓహో. నీ బిడ్డ కోసమా గీ లొల్లంత?”

“నా బిడ్డ కోసమే. మరి నా బిడ్డ కోసం ఇంకెవలు పెడ్తరు లొల్లి?”

సార్ కళ్లజోడు మళ్లీ పెట్టుకున్నాడు.

నాకు ఆ అట్ట ఊడిన పుస్తకం గుర్తొచ్చింది. అందులో కోరోప్లెత్ కంటే పాత పద్ధతి ఒకటుంది, ‘డాట్ మ్యాప్’. ఒక్కో ఘటనకు ఒక్కో చుక్క. దానికి హద్దులు అక్కర్లేదు, చోటు తెలిస్తే చాలు. చోటు ఎవరికి తెలుసు? కింది అంతస్తులో కూర్చున్నవాళ్లకు.

“బుజ్జీ, తండాలోళ్లను అందరిని పైకి పిలువు. జల్ది.”

ఆమె మెట్ల దగ్గర నిలబడి వాళ్ల భాషలో ఒక కేక పెట్టింది. పదిహేను మంది దాకా వచ్చారు. హద్దులు, వాగులు తప్ప రంగుల్లేని పటం ఇంకొకటి తీసి టేబుల్ మీద పరిచాను. మొదట స్కెచ్‌పెన్నుతో చుక్కలు పెట్టాం. పొరపాటు పడితే చెరగదు, రెండు చోట్ల మరకైంది. అప్పుడు ఒకామె బ్యాగులోంచి ఎర్ర బొట్టుబిళ్లల అట్ట తీసి, “గివి పెట్టున్రి, తప్పయితే పీకొచ్చు” అంది. ఆ తెలివీ నాది కాదు.

నేను పట్టికలోంచి తండా పేరో ఊరి పేరో, దాని అంకె చదవడం, వాళ్లు చోటు వెతికి అన్ని బిళ్లలు అతికించడం. “అది చెర్వు ఎన్కకే, ముంగటికి కాదు.” “నువ్వు ఆ తండ చూసినవా ఎన్నడన్న?” “మా అత్తగారిల్లే అది, నాకు చెప్తవా?” ఒకామె తన చోట రెండు బిళ్లలు ఎక్కువ పెట్టబోయింది. చెయ్యి పట్టుకున్నాను.

“పట్టికల రెండే ఉన్నయి.”

“ఇంకో రెండు అయినయి మేడం, నేను రాయలే.”

“రాయకపోతే లేదు.”

“ఉన్న కాన్పు లేకుంట ఎట్ల పోతది?”

పీకించేశాను. నా పటంలో నేను లేకుండా చేసిన కాన్పుల సంగతి ఆమెకు తెలియదు. లెక్కలో లేనిదాన్ని పెడితే మొత్తం పటాన్నే కొట్టేస్తారని తర్వాత వివరించాను. ఆమె నమ్మలేదు. నేనామెను తప్పుపట్టను.

పదకొండుకు ఐదు నిమిషాలుండగా చివరి బిళ్ల పడింది. వాగుకు అవతల, గుట్టల నడుమ, నా పటం తెల్లగా వదిలిన చోట ఎరుపు గుంపుకట్టింది. హైవే ఊళ్లో మూడు బిళ్లలు. చిన్న జనాభా మీద మూడు కావడంతో ముదురు రంగొచ్చింది, అంతే.

సార్ చూసి నీరసంగా అన్నాడు. “పెద్దసారు ముంగట బొట్టుబిళ్లలు పెడ్తరా మేడం? నవ్వుతరు.”

“నవ్వనియ్యున్రి. తెలుపును చూసి ఒక్కరు నవ్వలే, గదే నా పరేషాన్.”

హాల్లో రెండు పటాలూ పక్కపక్కన పెట్టాను. పెద్దాఫీసరు చాలాసేపు చూశాడు.

“రెండు వేరుగా ఉన్నాయి. ఏది కరెక్టు?”

“కుడివైపుది సార్. ఎడమవైపుది తప్పు. నేనే చేసిన.”

“కంప్యూటర్ ప్రాబ్లమా?”

నేను తప్పించుకోవడానికి తలుపు తెరిచి పెట్టాడు పాపం, ఔనంటే చాలు. “కాదు సార్. చెప్పింది, నేను చూడలేదు.”

ఆయన ఒక బిళ్లను గోటితో గీకి చూశాడు, ఊడుతుందా అని. ఊడలేదు. ఆ తర్వాత అడిగిన ప్రశ్నలన్నీ వాగు గురించి, చుట్టుదారి గురించి. వాటికి జవాబులు నా దగ్గర లేవు. తలుపు బయటున్న బుజ్జిని పిలిపించాను. ఆమె చెప్పింది. బండి వాగుకు అవతల, బడి పక్కన నిలపాలని రాశారు. వారం తిరక్కుండా సంజాయిషీ అడుగుతూ నాకు మెమో వచ్చింది. ఆ మెమో కూడా చాయ్ కథలో ఉండదు.

జూలైలో వాగు పొంగింది. మూడో రోజు మధ్యాహ్నం బుజ్జి ఫోన్ చేసింది. నేను హలో అనకముందే, “బండిల ఉన్నం మేడం, చుట్టుదారిన” అని పెట్టేసింది. ఆ తర్వాత రెండు గంటలు నేను ఏ ఫైలు చూశానో ఇప్పటికీ గుర్తు లేదు. సాయంత్రం మళ్లీ మోగింది. “ఆడపిల్ల. ఇద్దరు మంచిగున్నరు.” వెనుక పసిపిల్ల ఏడుపు వినిపించింది.

గణాంక పటాల మీద ఏ పుస్తకాలు చదవాలని నన్ను అడుగుతుంటారు. చదవండి, అన్నీ చదవండి. రంగుల గురించి అవి బాగా చెబుతాయి. కానీ హద్దులు పైనుంచి ఊడిపడ్డట్టు మాట్లాడతాయి. హద్దు ఏ ఏటిదో, ఆ తర్వాత అక్కడ ఎవరు విడిపడ్డారో అడగమని నా అలమారలోని ఏ పుస్తకమూ నాకు చెప్పలేదు. ఇప్పుడు నేను గీసే ప్రతి పటం లెజెండ్‌లో హద్దుల సంవత్సరం ఉంటుంది. అతకకుండా రాలిపోయిన ఊళ్ల పేర్లు పుస్తకం మొదటి పేజీలోనే ఉంటాయి. మొన్న మొగుళ్లపల్లి వైపు పోయినప్పుడు కూడా ముందు అడిగింది అదే, విడిపోయిన పంచాయతీలు ఏవని.

ఇక్కడితో ఆపితే మర్యాదగా ఉంటుంది. కానీ బుజ్జి ఆ రోజు చెప్పిన ‘ఉన్న బండి’, వాగుకు ఈ దిక్కున రోడ్డు మీద ఉండేది, దాన్ని అక్కడ నిలిపింది అంతకు రెండేళ్ల ముందు. అప్పటి మీటింగులో గోడకున్న పటం కూడా నాదే. అదే హద్దుల ఫైలు, అదే పసుపు పట్టీ, అదే వేలు. తీసి చూశాను. తండా తెల్లగా ఉంది. ఆ మరుసటి ఏడే ట్రాక్టర్లో కాన్పయింది. ఈ సంగతి బుజ్జికి చెప్పాను. ఆమె మనవరాలి టీకాల సంగతి ఎత్తింది. సార్‌ను అడిగితే, బండి ఎక్కడ నిలపాలో తేల్చడానికి సవాలక్ష కారణాలుంటాయి మేడం అన్నాడు. ఉంటాయి, కాదనను. నాకు కావాల్సింది ఒక్కటే, ఎవరైనా లెక్కకట్టి చెప్పగలిగితే చెప్పండి. నేను ఆ ఏడే పసుపు పట్టీ చదివి ఉంటే, ఆ ట్రాక్టర్లో పుట్టిన పిల్ల దక్కేదా?